మొదట నవ్వే మనిషి

సోమవారం పొద్దున మీటింగ్‌లో అందరూ పడీ పడీ నవ్వారు. విజయశ్రీ కూడా నవ్వింది. ఎందుకు నవ్వుతున్నారో తెలిసి నవ్విందా అంటే, లేదు. పక్కన రేష్మ నవ్వింది, ఎదురుగా శ్రీహర్ష తన లాప్‌టాప్ అందరివైపూ తిప్పి చూపిస్తూ నవ్వుతున్నాడు. అలాంటప్పుడు తానొక్కతే మొహం ముడుచుకుని కూర్చుంటే ఏం బాగుంటుంది? ఆఫీసు నవ్వుల్లో సగం ఇలాంటివే. ఇన్నేళ్ల ఉద్యోగంలో ఆ మాత్రం తెలియకపోదు.

"మళ్లీ రాసిందండీ మన రాంగ్ లాఫ్ మామ్మ," అన్నాడు శ్రీహర్ష. కస్టమర్ల కంప్లైంట్లు చూసే కుర్రాడు అతను. "చదువుతా వినండి. బొమ్మ బాగుంది, నవ్వు తప్పు, పాత నవ్వు పెట్టండి. ఈ నెల్లో ఎన్నోసారో నాకే గుర్తులేదు. ఈసారి ఏమని రిప్లై ఇవ్వమంటారు? మేడమ్, మీ టీవీకి ఓసారి చక్కిలిగిలి పెట్టి చూడండి అని ఇవ్వనా?"

మళ్లీ నవ్వులు. చివరికి యాప్ తీసేసి మళ్లీ ఇన్‌స్టాల్ చేసుకోమని రాసి, కంప్లైంట్ క్లోజ్ చేసేశాడు. సమస్య తీరిందా అని అడిగినవాళ్లు లేరు.

అమెరికాలో సెయింట్ లూయిస్ నగరంలో ఉన్న ఆ కంపెనీ పని, సొంత దేశం వదిలి వచ్చినవాళ్లకి వాళ్ల వాళ్ల భాషల చానళ్లు, పాత సీరియళ్లు ఇంటర్నెట్‌లో చూపించడం. తెలుగు ఉంది, గుజరాతీ ఉంది, అరబిక్ ఉంది. అన్నిటికన్నా ఎక్కువ చూసేది బోస్నియా భాషవి, ఎందుకంటే తొంభైల్లో అక్కడ జరిగిన యుద్ధం రోజుల్లో తరలివచ్చిన బోస్నియా కుటుంబాలు ఈ ఊరి దక్షిణాన బెవో చుట్టుపక్కల వేలకొద్దీ స్థిరపడ్డాయి. ఆ బోస్నియా సీరియళ్లన్నిట్లోకీ మారాజు "లిఫ్ట్ పనిచెయ్యదు".

బోస్నియా రాజధాని సరయేవోలో లిఫ్ట్ పాడైపోయిన ఓ అపార్ట్‌మెంట్. అందులో అన్నిటికన్నా పై అంతస్తులో తాత, కొడుకు, కోడలు, మనవడు. వాళ్లు మెట్లెక్కడం, మెట్లు దిగడం, మధ్యలో పోట్లాడుకోవడం, అదీ కథ. పదిహేనేళ్లపాటు నడిచింది మహాతల్లి. అన్నేళ్లూ ఆ లిఫ్ట్‌ని బాగుచేసిన నాథుడు లేడు. మొదటి నాలుగు సీజన్లు ప్రభుత్వ చానల్లో, ఎదురుగా జనాన్ని కూర్చోబెట్టుకుని తీశారు. తర్వాత ఓ ప్రైవేటు చానల్ కొనుక్కుంది. మధ్యలో ఆగిపోయింది. అయిపోయింది కాబోలు అనుకుంటే ఇంకో చానల్లో తేలింది. మనవడికి బట్టతల వచ్చేదాకా సాగింది. కొన్న ప్రతి చానలూ పాత సీజన్లని తెచ్చి మళ్లీ వేసుకుంది, వేసినప్పుడల్లా ఎక్కడో ఓచోట చెయ్యి పెట్టింది. అలా అలా కంపెనీ సర్వర్లలో ఒకే ఎపిసోడ్ రెండు మూడు రూపాల్లో వచ్చిపడింది.

ఆ గుట్టని ఏరిపెట్టడమే విజయశ్రీ పని. దానికి ఆవిడే ఓ రూల్ రాసింది. ఒకే ఎపిసోడ్ రెండున్నప్పుడు బొమ్మ బాగున్నదాన్ని ఉంచాలి, మసకగా ఉన్నదాన్ని తీసెయ్యాలి. ఎవరైనా అదే రాస్తారు. రూల్ ప్రకారం మసక ఫైళ్లని పోయిన నెలలోనే కస్టమర్లకి కనపడకుండా పక్కన పెట్టారు. ఈ శుక్రవారం సాయంత్రం సర్వర్ల నుంచి పూర్తిగా తుడిచేస్తారు. తుడిచాక ఇక దేవుడు దిగొచ్చినా తిరిగి రావు.

మీటింగ్ అయ్యాక సీట్లో కూర్చుంది కానీ విజయశ్రీకి ఎక్కడో ముల్లు గుచ్చుకున్నట్టే ఉంది. ఆ కంప్లైంట్ తెరిచి మొత్తం చదివింది. రాసినావిడ పేరు ఫిక్రెతా. పిచ్చిరాతలేం కాదు. ఏ ఎపిసోడ్‌లో, ఎక్కడ, ఎవరు తలుపు తీశాక అన్నీ వివరంగా రాసింది. అంత శ్రద్ధగా రాసిన మనిషికి యాప్ మళ్లీ ఇన్‌స్టాల్ చేసుకోమన్నారు. నవ్వినవాళ్లలో తానూ ఉంది కదా అనుకుంటే విజయశ్రీకి సిగ్గేసింది.

హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, స్క్రీన్‌ని రెండు భాగాలు చేసి, ఎడంవైపు మసక ఫైలూ కుడివైపు కొత్త ఫైలూ తెరిచింది. ముందు కొత్తది. తాత రెండు చేతుల్లో సంచులతో అన్ని అంతస్తులూ ఎక్కి వచ్చాడు. కోడలు తలుపు తీసి ఏదో అడిగింది. తాత ఈ సంచిలోకి చూశాడు, ఆ సంచిలోకి చూశాడు, వెనక్కి తిరిగి మెట్లవైపు చూశాడు. హహహహ అని నవ్వు వచ్చింది. ముందుకి జరిపి ఇంకో సీన్ చూసింది. అదే నవ్వు. అదే పొడుగు, అదే ముగింపు. ఎక్కడో రికార్డు చేసి దాచుకున్న నవ్వు ముక్కని తెచ్చి ప్రతిచోటా అతికించారు.

తర్వాత మసకది. తాత మెట్లవైపు చూశాడు. ఏమీ లేదు. నిశ్శబ్దం. తర్వాత చీకట్లోంచి ఎవరో ఆడమనిషి, ముందు వెక్కిళ్లలాగా చిన్న శబ్దం చేసి, ఆపుకోబోయి ఆపుకోలేక, ఒక్కసారిగా గొంతు విప్పి నవ్వింది. ఆ వెనకే హాలంతా నవ్వింది. విజయశ్రీ ఇంకో ఎపిసోడ్ పెట్టింది. ఇంకోటి పెట్టింది. ప్రతిదాంట్లోనూ మొదలుపెట్టేది ఆవిడే. రెండో మనిషి నవ్వడానికి ముందు ప్రతిసారీ ఆవిడే.

మధ్యాహ్నం కంప్లైంట్‌లో ఉన్న నంబరుకి ఫోన్ చేసింది.

"నువ్వు మనిషివా, మెషీన్‌వా?" అంది అవతలి గొంతు. గొంతు అనడానికి లేదు, సగం గాలే.

"మనిషినే ఆంటీ. మీ కంప్లైంట్ చూశాను. మీరన్నది నిజమే. నవ్వు మారింది."

 

"రేపు మా ఇంటికి రా," అంది ఆవిడ.

మంగళవారం సాయంత్రం ఆఫీసు నుంచి ఇంటికి వెళ్లాల్సిన కారు దక్షిణానికి తిరిగింది. గ్రావోయ్ రోడ్డు మీద పాత గాలిమర దాటాక ఎర్ర ఇటుకల ఇళ్లు, బేకరీలు, కబాబులు కాల్చే వాసన. ఫిక్రెతా గుమ్మంలోనే నిలబడి ఉంది. డెబ్బై దాటిన మనిషి, పొట్టి, తలకి పూల రుమాలు. విజయశ్రీ మన అలవాటు కొద్దీ చెప్పులు విప్పి బయట వదిలి, ఉత్త కాళ్లతో లోపలికి అడుగు పెట్టింది. అంతే, ఆవిడ గుండెలు బాదుకున్నంత పని చేసింది. పరిగెత్తుకెళ్లి ఊలు చెప్పుల జత తెచ్చి, వంగి మరీ కాళ్ల దగ్గర పెట్టింది. చల్ల నేల మీద ఉత్త కాళ్లతో నడిస్తే రోగాలన్నీ పట్టుకుంటాయట.

"కాఫీ?"

"వద్దు ఆంటీ, ఇప్పుడే తాగాను," అంది విజయశ్రీ మొహమాటంగా.

"తాగావా అని నేను అడగలేదు," అంటూ ఆవిడ పొయ్యి వెలిగించింది.

ఆవిడది ముక్కల ఇంగ్లీషు. ఆ ముక్కల్ని అలాగే పరిస్తే మనకి రుచించదు, అందుకని అతికించి చెప్తున్నాను. పొడుగు పిడి రాగి గిన్నెలో కాఫీ పొంగించి, చెవి లేని చిన్న కప్పుల్లో పోసి, పంచదార బిళ్ల ముంచుకుని నోట్లో పెట్టుకోమని చూపించింది. విజయశ్రీ అలాగే చేసింది. చిక్కగా, చేదుగా, గొంతులో దిగుతుంటే ప్రాణం లేచొచ్చినట్టు ఉంది.

"ఆంటీ, ఆ సీరియల్లో ముందు నవ్వేది ఎవరు?"

ఫిక్రెతా తన గుండె మీద వేలు పెట్టుకుంది.

ప్రభుత్వ చానల్లో ఆవిడ బట్టలు కుట్టే మనిషి. నటులకి చొక్కాలు, కోట్లు కుట్టేది. మొదటి ఎపిసోడ్ తీసే రోజు జనాన్ని పిలిచి కూర్చోబెట్టారు. కథ మొదలైంది. తాత, కొడుకు కలిసి కొత్త ఫ్రిజ్ మోసుకుంటూ మెట్లెక్కుతున్నారు. ఒక్కరూ నవ్వలేదు.

"ఎందుకు నవ్వుతారు?" అంది ఫిక్రెతా. "యుద్ధంలో కరెంటు లేదు, లిఫ్ట్ లేదు, నీళ్లు లేవు. మేమంతా అలాగే నీళ్ల డబ్బాలు మోశాం, అవే మెట్లు ఎక్కాం. బయట కాల్పులు. మెట్లు చూడగానే అందరికీ అది గుర్తొచ్చింది. నవ్వొచ్చినవాడు కూడా పక్కవాడి మొహం చూస్తున్నాడు. వాడి ఇంట్లో ఎవరు పోయారో ఏమో, నవ్వితే ఏమనుకుంటాడో అని. డైరెక్టర్ పాపం తెల్లబోయి నిలబడ్డాడు. నేను వెనక బొత్తాం కుడుతున్నాను. నాకు నవ్వొచ్చింది. మా ఆయన కూడా అచ్చం ఆ తాతలాగే ఉండేవాడు, అన్నీ చేతులతో కొలిచేవాడు. ఆయన పోయాడు, మెట్ల దగ్గరే పోయాడు. అయినా నవ్వొచ్చింది. ఏం చెయ్యను? నవ్వేశాను. అప్పుడు అందరూ నవ్వారు."

మర్నాటి నుంచి డైరెక్టర్ ఆవిడని ముందు వరసలో కూర్చోబెట్టాడు. నాలుగు సీజన్లూ నవ్వు మొదలుపెట్టింది ఆవిడే. తర్వాత చెల్లెలితో కలిసి ఇక్కడికి వచ్చేసింది. లారీ తోలే కొడుకు వీలైనప్పుడు వస్తాడు. రోజూ సాయంత్రం ఒక ఎపిసోడ్ పెట్టుకుంటుంది.

"ఒక్కసారి నవ్వండి ఆంటీ," అంది విజయశ్రీ, చిన్నపిల్లలాగా.

ఫిక్రెతా నవ్వింది. భుజాలు ఎగిరాయి, కళ్లు మూసుకుపోయాయి, నోరు తెరుచుకుంది. శబ్దం రాలేదు. పిల్లి బుసకొట్టినట్టు కాస్త గాలి వచ్చింది. రుమాలు ముడి వదులు చేసి మెడ మీద అడ్డంగా ఉన్న గాటు చూపించింది. గొంతుకి ఆపరేషన్ అయింది. ప్రాణం మిగిలింది, ఆ నవ్వు మిగల్లేదు.

"ఇప్పుడు నా నవ్వు అక్కడ ఒక్కచోటే ఉంది," అంది టీవీ వైపు చూపిస్తూ. "ఎవరో దాన్ని తీసేశారు. వాళ్లకి చెప్పు, బొమ్మ మసకగా ఉన్నా పర్లేదు. నాకు కళ్లు ఎలాగూ సరిగ్గా కనపడవు."

ఆ ఎవరో తానే అని చెప్పడానికి విజయశ్రీకి నోరు పెగల్లేదు. చూస్తాను ఆంటీ, అని మాత్రం అంది.

బుధవారం పొద్దున్నే మేనేజర్ రవికుమార్ క్యాబిన్‌లో కూర్చుంది. రవికుమార్ది కరీంనగర్. మంచివాడే, కానీ తేదీ అంటే ప్రాణం పెడతాడు.

"ఏంది విజయశ్రీ గారూ, ఒక్క కస్టమర్ కోసం నాలుగు సీజన్లు ఉంచుతమా? శుక్రవారం అని డేట్ ఇచ్చేసినం. రూల్ రాసింది మీరే, అప్రూవ్ చేసింది మీరే."

"రెండూ ఒకటి కాదు రవి గారూ. నవ్వు వేరు. మీరే వినండి."

హెడ్‌ఫోన్స్ ఇచ్చింది. అతను ఒక చెవికి పెట్టుకుని, రెండో చెవి ఫోన్‌కి వదిలి, రెండు ఫైళ్లూ తలో నిమిషం చూశాడు. తాత సంచుల్లోకి చూశాడు, మెట్లవైపు చూశాడు, ఆవిడ నవ్వింది, హాలంతా నవ్వింది. రవికుమార్ మొహంలో ఒక్క గీత కదల్లేదు.

"నాకైతే రెండూ సేమ్ కొడుతున్నయ్. సాఫ్ట్‌వేర్ ఏమంటుంది?"

సాఫ్ట్‌వేర్ కూడా సేమ్ అనే అంటోంది. మాటలవే, మనుషులు వాళ్లే. నవ్వు దాని లెక్కలోకి రాదు.

"మరి ఇంకేంది?" అంటూ అతను ఫోన్ ఎత్తాడు.

ఇంటికి వచ్చేసరికి విజయశ్రీకి ఒళ్లు మండిపోతోంది. రవికుమార్ మీదా, తన మీదా. భర్త మోహన్ డైనింగ్ టేబుల్ దగ్గర ఇయర్‌ఫోన్స్‌తో క్రికెట్ చూస్తున్నాడు. కూతురు దియ సోఫాలో ఇయర్‌ఫోన్స్‌తో ఇంకేదో చూస్తూ మధ్యమధ్య ముక్కుతో నవ్వుతోంది. ముగ్గురు మనుషులు, మూడు తెరలు. హాల్లో పెద్ద టీవీ నల్లగా ఉంది. ఏలూరులో వాళ్ల వీధికంతటికీ ఒక్క టీవీ ఉన్న రోజుల్లో, ఆదివారం సాయంత్రం శాంతి పిన్ని వాళ్లింట్లో చాపల మీద కూర్చుని ఎంతమంది చూసేవారు! జోకు సగం మందికి అర్థమయ్యేది కాదు. శాంతి పిన్ని నవ్వేది, ఆవిడని చూసి అందరూ నవ్వేవారు. ఆ సాయంత్రాలు ఎటు పోయాయో తలుచుకుంటే విజయశ్రీకి దిగులేసింది.

ఏం తోచక మసక ఫైల్ని పెద్ద టీవీకి ఎక్కించి, సౌండ్ పెంచి, తానొక్కతే కూర్చుంది. తాత మెట్లెక్కుతున్నాడు.

"వాట్ ఈజ్ దిస్ అమ్మా?" దియ ఒక చెవి ఖాళీ చేసుకుంది.

"బోస్నియా సీరియల్."

"సబ్‌టైటిల్స్ లేవా?"

"లేవు."

తాత ఈ సంచిలోకి చూశాడు, ఆ సంచిలోకి చూశాడు. మెట్లవైపు చూశాడు. "ఓ నో, ఏదో మర్చిపోయాడు తాత!" అంది దియ. అప్పుడే ఫిక్రెతా వెక్కి, ఆగి, గొంతు విప్పింది. దియ కిసుక్కుమంది. హాలంతా నవ్వింది. దియ పొట్ట పట్టుకుంది.

"అమ్మా, ఎవరావిడ? షీ ఈజ్ డయింగ్! నవ్వలేక చస్తోంది!" అంటూ రెండో చెవి కూడా ఖాళీ చేసుకుంది. "మళ్లీ పెట్టు, మళ్లీ పెట్టు."

రెండోసారికి మోహన్ వచ్చి సోఫా వెనక నిలబడ్డాడు. మూడోసారికి కూర్చున్నాడు. ఒక్క ముక్క భాష రాదు ముగ్గురికీ. అయినా ఆవిడ వెక్కగానే ముగ్గురూ మొదలు. మోహన్ అలా కళ్లల్లో నీళ్లు తిరిగేలా నవ్వడం చూసి ఎన్నాళ్లయిందో. విజయశ్రీ నవ్వు ఆపుకుంటూనే ఆలోచనలో పడింది. పొద్దున రవికుమార్ నవ్వకపోవడానికి అతని తప్పేం లేదు. ఒక్కడే ఉన్నాడు, చెవికి బిరడా పెట్టుకుని ఉన్నాడు. ఈ నవ్వు ఒంటరివాడి కోసం నవ్వింది కాదు.

గురువారం మధ్యాహ్నం లంచ్ రూమ్‌లో మైక్రోవేవ్ ముందు ఎప్పటిలాగే క్యూ. ఒకరి పప్పుచారు, ఒకరి బిర్యానీ, ఒకరి సాండ్‌విచ్. గోడ మీద టీవీలో ఎవరూ వినని వాతావరణ వార్తలు. విజయశ్రీ ఎవరికీ ఏమీ చెప్పకుండా రిమోట్ తీసి ఎపిసోడ్ పెట్టి, సౌండ్ పెంచి, తన గిన్నె మూత తీసుకుని కూర్చుంది. 

"ఇదేంటి మేడమ్, ఆఫీసులో సీరియళ్లు?" అన్నాడు శ్రీహర్ష, పెరుగన్నం కలుపుకుంటూ.

"ఊరికే. చూడు."

తాత సంచులు మోస్తూ వచ్చాడు. మొదటి అంతస్తులో ఎవరూ పట్టించుకోలేదు. రెండో అంతస్తులో తాత ఆగి ఆయాసపడితే రేష్మ తలెత్తి చూసింది. తలుపు తెరుచుకుంది, కోడలు అడిగింది, తాత సంచుల్లోకి చూశాడు. మెట్లవైపు చూశాడు. గదిలో మైక్రోవేవ్ తిరుగుతున్న చప్పుడు తప్ప ఏమీ లేదు. ఫిక్రెతా వెక్కింది. శ్రీహర్షకి పొలమారింది. పెరుగన్నం ముక్కుల్లోకి ఎక్కి, దగ్గుతూ, నవ్వుతూ, టేబుల్ పట్టుకున్నాడు. అతన్ని చూసి రేష్మ, రేష్మని చూసి క్యూ మొత్తం. సాండ్‌విచ్ మనిషి గోడకి ఆనుకుని మరీ నవ్వాడు.

గోల విని రవికుమార్ గుమ్మంలోకి వచ్చాడు. చేతిలో టిఫిన్ డబ్బా. కాసేపు నిలబడి చూశాడు. తాత ఈసారి సంచులు కోడలికి ఇచ్చి, టోపీ పెట్టుకుని, మళ్లీ మెట్లు దిగడం మొదలుపెట్టాడు. ఫిక్రెతా మళ్లీ అందుకుంది. రవికుమార్ పొట్ట ఊగింది. డబ్బా పక్కన పెట్టి కళ్లు తుడుచుకున్నాడు.

"అరే, మస్తుంది కదా. ఎక్కడిది ఇది?"

"నిన్న మీకు చూపించిందే రవి గారూ."

"నిన్న నవ్వు రాలే కదా."

"నిన్న మీరొక్కరే చూశారు. ఆ నవ్వేది శ్రీహర్ష చెప్పే మామ్మే. ఆవిడ ఉద్యోగం అదే, మొదట నవ్వడం."

శ్రీహర్ష దగ్గు ఆగిపోయింది. టిష్యూతో మూతి తుడుచుకుంటూ తల దించుకున్నాడు.

రవికుమార్ ఆమెని పక్కకి పిలిచాడు. "బాగుంది, ఒప్పుకుంటున్న. కానీ నవ్వొచ్చిందని డేట్ మార్చలేను. పైన ఏం చెప్పాలె?"

"అయితే నా అప్రూవల్ వెనక్కి తీసుకుంటాను. రూల్ తప్పు, రాసింది నేను, పొరపాటు నాది అని మెయిల్ పెడతాను."

"పర్ఫార్మెన్స్ రివ్యూల నెల ఇది. మీ పేరు మీద పడతది. ఆలోచించుకోండి."

విజయశ్రీకి భయం వెయ్యలేదని చెప్తే అబద్ధం. గ్రీన్ కార్డు ఇంకా చేతికి రాలేదు, మోహన్ కంపెనీలో మనుషుల్ని తీసేస్తున్నారు. ఎవరైనా ఇంకొకరు ముందు ఈ మాట అంటే వెనక తలూపడం ఎంత సులువు! గదిలోకి చూసింది. జనం టీవీ కింద కుర్చీలు లాక్కుంటున్నారు.

"పెడతాను," అంది.

"పెట్టండి. నేను అడ్డం రాను," అన్నాడు రవికుమార్, డబ్బా తీసుకుంటూ.

మెయిల్ పెట్టింది. పైనుంచి రెండు ముక్కల్లో చీవాట్లు, ఆ కిందే అనుమతి. శుక్రవారం సాయంత్రం సర్వర్లు తుడిచే పని మొదలయ్యే ముందు, ఉంచాల్సిన సీజన్లని పక్కకి తీసిపెట్టడానికి విజయశ్రీ తానే కూర్చుంది. నాలుగో సీజన్ తీసింది. మూడోది తీసింది. రెండోది తీసింది. మొదటి సీజన్ ఫోల్డర్ తెరిస్తే ఖాళీ.

మళ్లీ తెరిచింది. ఖాళీ.  వెతికితే తేలింది. అసలు పని సరిగ్గా జరుగుతుందో లేదో చూడ్డానికి ముందే ఓ ట్రయల్ నడిపారు. ట్రయల్‌కి మొదటి సీజన్ని ఎంచుకుంది విజయశ్రీయే. ట్రయల్ బ్రహ్మాండంగా నడిచింది. సరయేవోలో చానల్‌కి మెయిల్ పెడితే అక్కడ రాత్రి డ్యూటీలో ఉన్నవాళ్లు పాపం మర్యాదగానే రాశారు. ప్రభుత్వ చానల్ టేపులన్నీ అమ్మకంలో ప్రైవేటు చానల్‌కి వెళ్లిపోయాయట, వాళ్లు శుభ్రం చేసినవే దాచుకున్నారట, పాతవి లేవట.

కారులో కూర్చుని ఏడ్చింది విజయశ్రీ. పోయినవాటిలో ఆ మొదటి ఎపిసోడ్ ఉంది. మెట్లు చూసి నవ్వలేని జనం మధ్యలో, చేతిలో బొత్తాంతో, ఒక్క మనిషి ధైర్యం చేసిన ఆ నవ్వు ఉంది. మిగతావన్నీ ఉన్నాయి, అదే లేదు.

శనివారం పొద్దున ఫిక్రెతా ఇంటికి వెళ్లింది. గుమ్మంలో ఊలు చెప్పులు సిద్ధంగా ఉన్నాయి. కాఫీ పొంగింది. ఈసారి వద్దనలేదు, అలాగని కప్పూ ముట్టుకోలేదు. ముందు చెప్పాల్సింది చెప్పేసింది.

"రెండు, మూడు, నాలుగు ఉన్నాయి ఆంటీ. ఈ సాయంత్రం నుంచి మీ టీవీలో పాత నవ్వే వస్తుంది. మొదటిది పోయింది. తీసింది వేరే ఎవరో కాదు, నేనే. మీ దగ్గరికి రాకముందే తీసేశాను. తెలియక చేశాను, కానీ చేసింది నేనే."

ఫిక్రెతా పంచదార బిళ్ల కాఫీలో ముంచి, తినకుండా అలాగే పట్టుకుంది. అది కరిగి కప్పులో పడిపోయింది.

"మొదటిదంతా?"

"అంతా."

"ఫ్రిజ్ కూడా?"

"అదీ పోయింది ఆంటీ."

 తిట్టినా బాగుండును అనిపించింది విజయశ్రీకి. కాసేపటికి ఫిక్రెతా కప్పు కింద పెట్టి లేచింది. బయటికి పొమ్మంటుందేమో అనుకుంటూ విజయశ్రీ కూడా సగం లేచింది.

"కూర్చో," అంది ఆవిడ. "నువ్వు అది చూడలేదు. చూపిస్తాను."

వంటింటి ఫ్రిజ్ దగ్గరికి వెళ్లి, తలరుమాలు విప్పి టోపీలాగా నెత్తి మీద పెట్టుకుంది. నడుం వంచింది, మోకాళ్లు వంచింది. వీపు మీద కొండంత బరువు ఉన్నట్టు ఒక్కో అడుగు వేస్తూ అక్కడ లేని మెట్లెక్కింది. కొడుకు గొంతుతో ఏదో విసుక్కుంది, తాత గొంతుతో కసిరింది. అంతా ఆవిడ భాషే, అంతా గాలే. పై అంతస్తు వచ్చింది. బరువు దించి, చెమట తుడుచుకుని, తలుపు చూసింది. ఫ్రిజ్ చూసింది. మళ్లీ తలుపు చూసింది. అనుమానం వచ్చింది తాతకి.

రెండు చేతులూ చాచి ఫ్రిజ్ వెడల్పు కొలిచింది. ఆ చేతుల్ని అలాగే గాల్లో పట్టుకుని, కొలత చెదిరిపోకుండా ఊపిరి బిగబట్టి, చిన్న చిన్న అడుగులు వేస్తూ గుమ్మం దాకా వచ్చింది. చేతులు గుమ్మం కన్నా వెడల్పుగా ఉన్నాయి. తాత చేతులవైపు చూశాడు, గుమ్మంవైపు చూశాడు. కొడుకు చూస్తున్నాడా అని ఓరగా వెనక్కి చూశాడు. ఎవరూ చూడ్డం లేదు. మెల్లిగా, దొంగతనంగా, రెండు చేతుల్నీ కాస్త దగ్గరికి జరిపాడు.

అక్కడ ఫిక్రెతా ఆగింది. నోరు తెరుచుకుంది, భుజాలు ఎగిరాయి. అప్పుడు రావలసింది రాలేదు. వంటిల్లంతా నిశ్శబ్దంగా ఉంది. గుమ్మంలో చేతులు చాచుకుని ఆవిడ అలాగే నిలబడింది.

విజయశ్రీ నవ్వింది. చుట్టూ చూసుకోలేదు, చూడ్డానికి అక్కడ ఎవరూ లేరు కూడా. ముందు వెక్కిళ్లలాగా వచ్చింది, ఆపుకోబోయింది, ఇక ఆగలేదు. తల వెనక్కి వాల్చి గొంతు విప్పి నవ్వింది. కళ్లల్లోంచి నీళ్లు కారుతున్నాయి, తుడుచుకోలేదు. ఫిక్రెతా కదలకుండా, తల ఓ పక్కకి వంచి, ఆ నవ్వు చివరిదాకా విన్నది.

"తొందరపడ్డావు," అంది. "చేతులు పూర్తిగా ఆగాక నవ్వాలి."

రుమాలు సరిగ్గా పెట్టుకుని, ఫ్రిజ్ దగ్గరికి వెళ్లి, మళ్లీ మొదటి మెట్టు మీద కాలు పెట్టింది.